రెండు వేళ్ల తోలు

దస్తగిరి ఉస్తాద్‌ని ఏదైనా సూటిగా అడిగితే సూటిగా జవాబు రాదు. ఆయన దగ్గర గుర్రపు స్వారీ నేర్చుకున్న మా అందరికీ ఇది అనుభవమే. ముందు కూర్చోమంటాడు. తర్వాత తన బూట్ల మీద దుమ్ము తుడవడం మొదలుపెడతాడు. చేతిలో గుడ్డ ఉంటే తప్ప ఆయనకు మాట పెగలదని మేం చాటుగా నవ్వుకునేవాళ్లం.

శమంత ఆ రోజు కూర్చోలేదు. ఆమె కానిస్టేబులు, పోలీసు అశ్వదళంలో చేరాలని పట్టుబట్టి వచ్చింది. ఇంకో నలభై రోజుల్లో పరీక్ష. నెగ్గితే దళం, లేదంటే మళ్లీ పాత స్టేషన్లో రైటర్ పక్కన కూర్చుని కాగితాలు సర్దుకోవడమే. ఆ పొద్దున గుర్రం మీంచి పడింది, నెలలో అది మూడోసారి. మోచెయ్యి దోక్కుపోయింది.

"ఉస్తాద్, నేను దీనికి పనికొస్తనా, రానా? ఒక్క మాట చెప్పుండ్రి. రానంటే ఇయ్యాలే పేరు తీయించుకుంట."

ఉస్తాద్ ఒక బూటు తుడవడం పూర్తిచేసి, రెండోది అందుకున్నాడు.

"నీ వయసుల నేను కొత్త బూట్లు కుట్టించుకున్న బిడ్డా" అన్నాడు.

స్వారీ బూట్లు మోకాలి దాకా ఉంటాయి. కొత్తవి కాలి కొలతకన్నా రెండు వేళ్లు ఎత్తుగానే కుడతారు. తొడగ్గా తొడగ్గా చీలమండ దగ్గర తోలు ముడతలుపడి, బూటు కిందికి దిగి కూర్చుంటుంది. అప్పటిదాకా పై అంచు మోకాలి వెనక కరుస్తూనే ఉంటుంది. కుట్టిన దుర్గయ్య ఈ సంగతి ముందే చెప్పాడు: "నెల రోజులు ఓర్సుకో సారూ, అదే దిగుతది."

దస్తగిరి ఓర్పు పది రోజులకే అయిపోయింది. చర్మం లేచిపోయి, మెట్లు దిగాలంటే కళ్లనీళ్లు వచ్చేవి. అడిగితే దుర్గయ్య ఒప్పుకోడని, వేరే బజారులో ఇంకొకరి దగ్గరికి వెళ్లి పైన రెండు వేళ్ల తోలు కోయించేశాడు. ఎంత హాయి! వారం రోజులు దొరలా తిరిగాడు. బూట్లు మాత్రం తమ పని మానలేదు, దిగాల్సినంతా దిగాయి. తన దళం పరీక్షనాటికి వాటి పై అంచు సరిగ్గా జీను పక్కన వేలాడే తోలు కిందికి వచ్చి చేరింది. గుర్రం పరుగందుకున్నప్పుడల్లా అందులో ఇరుక్కునేది. కాలితో నొక్కి సైగ చేద్దామంటే కాలు ఆడదు. పదకొండు మందిలో పదకొండోవాడిగా కిందికి దిగాడు.

మర్నాడు ఆ బూట్లు తీసుకెళ్లి దుర్గయ్య ముందు పెట్టాడు. "నాకు స్వారీ అచ్చిరాదు దుర్గన్నా. వీటిని ఎవరికన్నా ఇచ్చెయ్" అన్నాడు.

శమంత అప్పుడు కూర్చుంది. "బాగా తిట్టిండా?"

"తిట్టలే. రెండో జత కుట్టనీకి టేపు తీసి నా కాలు మళ్ల కొలిచిండు. 'కాలు మంచిగనే ఉన్నది సారూ. కురచైంది బూటు' అన్నడు."

ఆమెకు నవ్వొచ్చింది, దాంతోపాటే అప్పటిదాకా ఆపుకున్న ఏడుపూ వచ్చింది. రెండూ కానిచ్చి, ముఖం తుడుచుకుని లేచింది. తనను పడేసిన గుర్రం కంచె దగ్గర ఏమీ ఎరగనట్టు గడ్డి నములుతోంది. దాని మెడ నిమిరి, కళ్లెం పట్టుకుని, రికాబులో కాలుపెట్టి ఎక్కింది. రెండడుగులు నడిపించాక ఏదో అనుమానం వచ్చినట్టు వెనక్కి తిరిగింది.

"ఉస్తాద్, రెండో జత కరవలేదా మరి?"

"ఎందుకు కరవలే? నెల రోజులు కరిచింది" అన్నాడు దస్తగిరి. "ముప్పై ఒకటో రోజు, బూట్లు ఏసుకున్న సంగతే మర్చిపోయిన."