నారపయ్య వేసిన ముడి

వసంతకోట రాజు కందర్ప భూపతికి ఆ ఉదయం ఒళ్లు మండిపోయింది. విద్యాపీఠం వారి తగువు అయిదేళ్లయినా తెగలేదు. అర్జీలు, జవాబులు, జవాబుల మీద జవాబులు కలిసి బండెడు తాటాకులయ్యాయి. ఆ బండిని ఏకంగా సభ గుమ్మందాకా తోలుకొచ్చారు.

రాజుగారు తాంబూలం చుట్టించుకున్నారు.

"ఇది నమలడం పూర్తయ్యేలోగా ఎవరైనా ఈ తగువు తేల్చండి. తేల్చినవాళ్లకు అడిగింది ఇస్తాం. తేలకపోతే ఆ తాటాకులన్నీ వంటింటి పొయ్యిలోకే!"

మూలన నిలబడ్డ నారపయ్య గబుక్కున బండివైపు చూశాడు. ఆ బండిలో ఉన్నది అతని బతుకు.

నారపయ్య పీఠంలో పుస్తక భాండారి. ముప్ఫై ఒక్క ఏళ్లు తాటాకు గ్రంథాలకు నిమ్మగడ్డి నూనె పూసి, చెద పట్టకుండా కాపాడినవాడు. ఇరవై ఏళ్లు కొలువు చేసినవాడికి ప్రధాన భాండారి హోదా, దిగిపోయాక బతికినన్నాళ్లూ ఇల్లు, ఏటా ధాన్యం ఇవ్వాలని పీఠం శాసనం. హోదా కోసం అయిదేళ్లు తిరిగాడు, రాలేదు. పోయిన నెల వయసైపోయిందని దింపేశారు. రేపటికల్లా ఇల్లు ఖాళీ చెయ్యమని తాఖీదు మాత్రం ఠంచనుగా వచ్చింది.

ఇదంతా పీఠాధికారి శితికంఠశాస్త్రి చలవే. ఆయనగారు తన పండిత పట్టాను జరీ తాడుకు కట్టి మెళ్లో వేసుకు తిరుగుతాడు. స్నానానికి తప్ప తీయడట! పీఠంలో ఏ పట్టాకైనా భాండారి తన చేత్తో ఎర్రదారం ముడి వేసి, చివర పేరు గీస్తేనే అది చెల్లుతుంది. శాస్త్రిగారు మాటకు ముందొకసారి, వెనకొకసారి ఆ ముడిని తడుముకుంటూ ఉంటాడు.

రాజుగారు తాంబూలం బుగ్గన పెట్టి, "ఊఁ" అన్నారు. ఇక నోరు విప్పే వీలు లేదు.

ఆస్థానంలో ఊరికే కూర్చుని తింటాడని పేరుపడ్డ కొండుభట్టు లేచాడు.

"శాస్త్రిగారూ, ముప్ఫై ఒక్క ఏళ్లు చేసినవాడికి ఇరవై ఏళ్లు నిండలేదా అండీ?"

"నిండలేదు!" శాస్త్రి ముడి తడుముకున్నాడు. "మొదటి పన్నెండేళ్లూ తాత్కాలికం. విక్రమ నామ సంవత్సరంలో గాని ఖాయం చెయ్యలేదు. అప్పటినుంచి పందొమ్మిదే. ఒక ఏడాది తక్కువ."

"మరి ఆ పన్నెండేళ్లూ పుస్తకాలు చూసిందెవరండీ?"

"చూస్తే చూశాడు. తాత్కాలికుడు భాండారి కాడు. దారిన పోయేవాడు చూసినా ఒకటే. ఆ పని లెక్కలోకి రాదు."

"అసలు రాదంటారా?"

"రాదంటే రాదు. విన్నారుగా ప్రభూ!"

"ఊఁ" అన్నారు రాజుగారు నములుతూ. నారపయ్య కళ్లలో నీళ్లు తిరిగాయి. పన్నెండేళ్ల కష్టాన్ని దారిన పోయేవాడి పని అంటే ఎవరికి మాత్రం బాధగా ఉండదు?

కొండుభట్టు చేతులు జోడించాడు. "శాస్త్రిగారు న్యాయమే చెప్పారు. ఇక నాకు మిగిలింది ఒకటే కోరిక. తమ పట్టా ఒక్కసారి చదివి వినిపిస్తే ధన్యుణ్ణవుతాను."

శాస్త్రికి ఇంతకంటే కావలసిందేముంది? గొంతు సవరించుకుని మొదలుపెట్టాడు. "యువ నామ సంవత్సరంలో శితికంఠుడు సకల శాస్త్రాల్లో ఉత్తీర్ణుడై పండితుడయ్యెను. ముడి వేసినవాడు భాండారి... నార..."

శాస్త్రి గబుక్కున ముడిని అరచేత్తో మూసేశాడు.

"యువ అంటే విక్రమకు అయిదేళ్ల ముందు కదండీ?" అన్నాడు కొండుభట్టు అమాయకంగా. "అప్పుడు నారపయ్య భాండారి కాడని తమరే అన్నారు. అంటే తమ పట్టాకు ముడి వేసింది... దారిన పోయేవాడన్నమాట! శ్రావణంలో కొత్త పిల్లలకు పరీక్ష ఉంది, వాళ్ల వరుసలో తమకూ ఒక పీట వేయించమంటారా?"

సభలో ఒక్కరు కిసుక్కుమంటే వందమంది అందుకున్నారు. నవ్వనిది రాజుగారొక్కరే. ఆయన దవడ ఆడటం మానేసింది. గుటుక్కున తాంబూలం మింగేసి, పొలమారి దగ్గారు.

"ఓయ్ భట్టూ! మేమూ ఆ పీఠంలోనే చదివాం, మా పట్టా ధాత నామ సంవత్సరానిది! యువ తర్వాతి ఏడే కదయ్యా!"

"అయితే రెండు పీటలు ప్రభూ."

ఈసారి రాజుగారే అందరికంటే ముందు పకపకా నవ్వారు. "ఏమయ్యా శాస్త్రీ, మేమూ వచ్చి నీ పక్కన పలక పట్టుకోవాలా? తాత్కాలికం లెక్కలోకి వస్తుందా, రాదా?"

"వస్తుంది ప్రభూ! పన్నెండేళ్లూ వస్తాయి, రోజుతో సహా వస్తాయి!"

నారపయ్యకు ఇల్లు, ధాన్యం, ఇరవయ్యో ఏడు నిండిన రోజునుంచీ ప్రధాన భాండారి హోదా ఇమ్మని ఆజ్ఞ తాటాకు మీదికెక్కింది. కొండుభట్టు అడిగింది ఆ బండిని. చెరుకు తోలుకోవడానికి పనికొస్తుందట. ఎద్దులతో సహా ఇచ్చేశారు.

ఆనవాయితీ ప్రకారం ఆజ్ఞకు ఎర్రదారం ముడి ప్రధాన భాండారి హోదాలో నారపయ్యే వేశాడు. ముడి బిగువుగా పడింది.

ముడి పడిందో లేదో, శాస్త్రి మెళ్లోని పట్టా తీసి, గుట్టుగా అతని ముందు పెట్టాడు.

"నారపయ్యగారూ, ఎందుకైనా మంచిది... దీనికి కూడా ఇంకో ముడి వేసిపెడుదురూ!"