గుమ్మడికాయల వేట

గంగులు అనే కూలివాడికి జానెడు భూమి లేదు. ఊరి చివర ఉన్న రెండెకరాల సర్కారు బంజరు తనకిప్పించమని అర్జీ పెట్టుకున్నాడు. "అది చెరువురా, ఎవరికీ ఇవ్వకూడదు" అని అమల్దారు అర్జీ కొట్టేశాడు. నిజానికి అక్కడ చుక్క నీరు లేదు. అమల్దారు బావమరిది దర్జాగా గుమ్మడి పండిస్తున్నాడు.

గంగులు వాదించలేదు. "పోనీ, ఆ చెరువులో వేటకైనా అనుమతివ్వండి దొరా" అన్నాడు. పీడ వదిలిందనుకుని అమల్దారు, వలలో పడిందల్లా గంగులుదేనని రాసి ముద్ర వేశాడు.

మర్నాడు గంగులు వల విసిరి గుమ్మడికాయలు లాగసాగాడు. బావమరిది లబోదిబోమంటూ అతణ్ణి దివాను ముందుకు ఈడ్చుకెళ్లాడు. అమల్దారునూ పిలిపించారు. అమల్దారు కొట్టేసిన అర్జీని, ముద్ర వేసిన కాగితాన్ని గంగులు పక్కపక్కన పెట్టాడు.

"అది చెరువైతే కాయలు నావి ప్రభూ. చేనైతే నా అర్జీ కొట్టేయడం చెల్లదు. ఏదన్నదీ అమల్దారుగారే చెప్పాలి. నాకు రెండూ సమ్మతమే."

అమల్దారు బావమరిది వంక చూడకుండా, "చేనే" అని గొణిగాడు.

దివాను అక్కడికక్కడే గంగులు పేర పట్టా రాయించి, "ఇక ఆ వలెందుకురా నీకు?" అన్నాడు.

"ఉండనివ్వండి ప్రభూ. అమల్దారుగారు రేపు ఇంకే చేనును చెరువంటారో."