మూడు సీసాల పూసలు

పైడితల్లి మూడేళ్ళుగా ఒక్క ప్రశ్న వెంట తిరుగుతోంది. తను తయారుచేసిన క్షయ మందు క్రిమి లోపలికి వెళ్తోందా, లేదా?

క్షయ క్రిమి మన శరీర కణంలో దూరి, అక్కడ ఒక సన్నటి సంచిలో దాక్కుంటుంది. మందు కణంలోకి వెళ్ళాలి, సంచి గోడ దాటాలి, ఆపైన క్రిమి తోలు కూడా దాటాలి. చిన్నప్పుడు పార్వతీపురంలో పైడితల్లికి ఆ జబ్బు చేసింది. తొమ్మిది నెలలు రోజూ పొద్దున్నే పరగడుపున మాత్రలు మింగింది. ఇంకే పిల్లా అన్నాళ్ళు మింగకూడదని ఆమె పట్టుదల.

క్రిములకి ఎర్ర రంగు, మందుకి ఆకుపచ్చ రంగు తగిలించి, క్రిములు దూరిన కణాలని లేజర్ వెలుతురుతో చూసే కాన్ఫోకల్ మైక్రోస్కోప్ కింద పెట్టింది. రెండు రంగులూ ఒకేచోట ఉంటే కంప్యూటర్ తెర మీద పసుపు కనిపిస్తుంది.

ఆ మంగళవారం మధ్యాహ్నం పసుపు కనిపించింది. ఒకచోట కాదు, క్రిమి ఉన్న ప్రతిచోటా.

"మాస్టారూ! ఒకసారి ఇలా రండి."

విశాఖపట్నంలోని ఆ పరిశోధన సంస్థలో మైక్రోస్కోప్ గదిని చూసుకునేది గఫార్ మాస్టారు. ఆయనకి డిగ్రీలేవీ లేవు. వయసులో ఉన్నప్పుడు కళ్ళజోళ్ళ దుకాణంలో అద్దాలు అరగదీసేవారు. ఆ పనితనం చూసే ఎవరో ఇరవై రెండేళ్ళ కిందట ఇక్కడికి తీసుకొచ్చారు. లెన్స్ మీద గోరంత నూనె మరక ఉన్నా, తెర మీద బొమ్మ చూసి చెప్పేస్తారు. ఎదురుగా ఉన్నది ప్రొఫెసరైనా సరే, తెలియనిది తెలియదనే అంటారు. అందుకే ప్రొఫెసర్లు కూడా ఆయన్ని మాస్టారూ అనే పిలుస్తారు.

ఆయన వచ్చి తెర ముందు వంగి చాలాసేపు చూశారు.

"స్లైడ్ ఎంత శుభ్రంగా చేశావు తల్లీ! ఇంత చక్కటి బొమ్మ ఈమధ్య చూడలేదు."

"మందు లోపలికి వెళ్ళిపోయింది మాస్టారూ. ఇది కనిపిస్తే శుక్రవారమే పత్రికకి పేపర్ పంపించేద్దామన్నారు మా గైడ్ సార్. అది అచ్చయితే, ముందు జంతువుల మీద, ఆపైన మనుషుల మీద పరీక్షకి అనుమతి అడగొచ్చు."

ఆయన తల ఊపారు. "వెళ్ళిందని ఎలా తెలిసింది?"

"పసుపు కనిపిస్తోంది కదండీ."

"సంచి గోడ దగ్గరే ఆగిపోయి ఉంటే ఏ రంగు కనిపించేది?"

పైడితల్లి తెర వైపు తిరిగింది. "ఇంకా పెద్దది చేసి చూపిస్తానుండండి" అంది.

జూమ్ పెంచింది. పసుపు చుక్క బఠాణీ అంత అయింది, నిమ్మకాయంత అయింది, చివరికి తెరంతా పరుచుకుంది. పెరిగినకొద్దీ అంచులు చెదిరాయి తప్ప గోడా కనిపించలేదు, తోలూ కనిపించలేదు. లేజర్ వెలుతురు ఇంకాస్త పెంచింది. నిమిషంలో ఆకుపచ్చ వెలిసిపోవడం మొదలుపెట్టింది.

"ఆపమ్మా. రంగు కాలిపోతోంది."

ఆమె ఆపింది. ముఖం ఎర్రబడింది.

గఫార్ మాస్టారు ఫ్రిజ్ తెరిచి మూడు చిన్న సీసాలు తెచ్చారు. వాటి మీది చీటీలని తెల్ల కాగితంతో చుట్టేశారు. ఒక్కో సీసాలోంచి ఒక్కో చుక్క తీసి మూడు స్లైడ్లు చేశారు.

"వీటిలో వెలిగే పూసలున్నాయి. ఒక్కో పూసా ఎంత ఉందో కొలిచి చెప్పు."

పైడితల్లికి ఇది చిన్నపిల్లల పని అనిపించింది. అయినా కూర్చుంది. మొదటి స్లైడ్‌లో పూసలు గుండ్రంగా, స్పష్టంగా ఉన్నాయి.

"వెయ్యి నానోమీటర్లు" అంది. అంటే మిల్లీమీటర్‌లో వెయ్యో వంతు.

ఆయన మొదటి సీసా కాగితం విప్పారు. చీటీ మీద వెయ్యి అనే ఉంది. ఆమె నవ్వింది.

రెండో స్లైడ్ పెట్టింది. "రెండు వందల నలభై." మూడోది పెట్టింది. పూసలు ఇంచుమించు అలాగే ఉన్నాయి. "రెండు వందల ముప్పై. ఈ రెండూ ఒక్కటే రకం మాస్టారూ. పది తేడా లెక్కలోది కాదు."

"సరిగ్గా కొలిచావా?"

"మూడేసి సార్లు కొలిచాను."

ఆయన రెండో సీసా కాగితం విప్పారు. వంద.

మూడోది విప్పారు. నలభై.

పైడితల్లి చీటీ వైపు, తెర వైపు మార్చి మార్చి చూసింది. "మైక్రోస్కోప్ పాడైందా మాస్టారూ?"

"ఇంత బాగా ఎప్పుడూ పనిచేయలేదు."

"మరి ఇదేమిటి? నేను కొలిచిందేమిటి?"

"మన చూపుని కొలిచావు తల్లీ" అన్నారాయన. "ఆ రెండు వందల చిల్లర కంటే చిన్నవన్నీ ఈ మైక్రోస్కోప్‌కి అంతే కనిపిస్తాయి."

పైడితల్లి తన పసుపు బొమ్మని మళ్ళీ తెర మీదికి తెచ్చుకుంది. క్రిమికీ సంచి గోడకీ మధ్య ఎంత దూరం ఉంటుందో ఆమె ఎప్పుడో చదివింది. ఆ నలభై పూస కూడా పట్టని సందు అది.

"మరి మందు లోపలికి వెళ్ళిందా, లేదా?" అని నెమ్మదిగా అడిగింది.

"నాకు తెలియదు. దీనికీ తెలియదు." ఆయన మైక్రోస్కోప్ మీద చెయ్యి వేశారు. "పాపం, ఇది తెలుసని ఎప్పుడూ అనలేదు."

సాయంత్రం పైడితల్లి వాళ్ళ సార్ దగ్గరికి వెళ్ళింది. పేపర్ ఆపమంది. ఆయన విసుక్కున్నారు, కేకలేశారు. ఆమె తను కొలిచిన అంకెలు, సీసాల మీది అంకెలు ఒక కాగితం మీద పక్కపక్కన రాసి ఆయన ముందు పెట్టింది. ఆయన చాలాసేపు చూసి, శుక్రవారం మాట మళ్ళీ ఎత్తలేదు.

కణాలు మరో ఊళ్ళోని, అంత సన్నటి గోడని కూడా చూడగల ఎలక్ట్రాన్ మైక్రోస్కోప్‌కి వెళ్ళాయి. అక్కడ మందుకి, ఆ మైక్రోస్కోప్‌లో నల్లగా కనిపించే బంగారు రేణువులు తగిలించి చూశారు. ఐదు నెలలకి బొమ్మలు వచ్చాయి. రేణువులన్నీ సంచి గోడ వెంట నల్లటి చుక్కల్లా బారులు తీరి ఉన్నాయి. క్రిమి లోపల ఒకటో రెండో.

మందు గుమ్మం దాకా వెళ్ళి ఆగిపోయింది. పైడితల్లి ఒక రోజంతా ఏడ్చింది. మర్నాడు ఆ గోడ దాటడానికి మందు నిర్మాణంలో ఏం మార్చాలో రాసుకోవడం మొదలుపెట్టింది. ఎక్కడ ఆగుతోందో ఇప్పుడు తెలుసు.

ఆ బొమ్మలు పట్టుకుని గఫార్ మాస్టారి దగ్గరికి వెళ్ళింది. ఆయన కళ్ళజోడు తుడుచుకుని, మొదటి బొమ్మని కిటికీ దగ్గరికి తీసుకెళ్ళారు. గోడ వెంట వేలు నడిపారు.

"ఇదేనా సంచి గోడ?"

"అవును మాస్టారూ."

"ఎంత మందం ఉంటుంది?"

"ఎనిమిది నానోమీటర్లు."

ఆయన బొమ్మని కళ్ళకి ఇంకాస్త దగ్గరగా తెచ్చుకున్నారు. ఆ ముఖంలో పండగ చూస్తున్న పిల్లవాడి సంతోషం.

"ఇరవై రెండేళ్ళు దీని గుమ్మం ముందే కూర్చున్నాను తల్లీ" అన్నారు. "ఇవాళ చూశాను."