వంత అడిగిన ప్రశ్న

కాన్పయ్యాక ఎస్తేరు బుర్రకథ దళంలోకి తిరిగొచ్చింది. వచ్చీరాగానే ఇక కథ చెప్పనని గురువు సామ్రాజ్యమ్మతో అంది.

రిహార్సల్లో నిలబడితే ఒక్క చరణం గుర్తురావడం లేదట. పాలు చేపుకొచ్చి రవిక తడుస్తుంది, దాంతో గుర్తున్న ముక్కా పోతుంది. ఆపరేషన్ కుట్ల దగ్గర ఒళ్లు వంగనంటుంది. బాలింతకు మతి నిలవదని అత్త తేల్చేసింది. ఇంటిపట్టున ఉంటే అన్నీ సర్దుకుంటాయని మొగుడు ఓదార్చాడు కూడా. మగవాడు మాట మధ్యలో ఆగితే ఆలోచనలో పడ్డాడంటారు. ఆడది ఆగితే పని అయిపోయిందంటారు. ఎస్తేరూ అదే నమ్మింది.

"మీ జ్ఞాపకశక్తి నాకెక్కడిదక్కా," అంది.

సామ్రాజ్యమ్మ వాదించలేదు. "సరే, ఆదివారం టంగుటూరులో నేనే చెప్తాను. నువ్వు కథ చెప్పడం మొదలెట్టకముందులా నా పక్కన వంతగా నిలబడు. గుమ్మెట వాయించడానికి మతి అక్కర్లేదుగా."

ఎస్తేరుకు ఆ మాట గుచ్చుకుంది. అయినా వెళ్లింది.

ఆ రోజు చెప్పింది పొగాకు గోదాముల్లో ఆకు ఏరే ఆడకూలీల సమ్మె కథ. వినడానికి వచ్చినవాళ్లలో సగం మంది ఆ పని చేసినవాళ్లే. సామ్రాజ్యమ్మ తంబుర భుజాన వేసుకుని ముందుకీ వెనక్కీ అడుగులేస్తూ కథ నడిపిస్తోంది. ఆమెకు అటు రెండో వంత సువార్త, ఇటు ఎస్తేరు గుమ్మెటలు వాయిస్తున్నారు.

కూలీలు గోదాము తలుపుకు అడ్డంగా కూర్చున్నారు. యజమాని కారు దిగాడు. అక్కడ సామ్రాజ్యమ్మ నోరు ఆగిపోయింది. తంబుర మోగుతోంది, అడుగు పడుతోంది, మాట మాత్రం రావడం లేదు. ఆమె ఎస్తేరు వైపు చూసింది.

ఎస్తేరు సువార్త వైపు చూసింది. సువార్త తలొంచుకుని వాయిస్తోంది. జనం ఎదురుచూస్తున్నారు.

"ఆగక్కా," అంది ఎస్తేరు. "కారు దిగాడు సరే. గోదాములోకి మమ్మల్ని చెప్పులు విప్పి రమ్మంటాడుగా, తను విప్పాడా?"

"విప్పడు," అంది ముందు వరుసలోంచి ఒక ముసలామె. ఆడవాళ్లంతా ఘొల్లున నవ్వారు.

"విప్పలేదే చెల్లీ," అని సామ్రాజ్యమ్మ అందుకుంది. ఆ మాట వెంటే చరణం వచ్చేసింది.

తర్వాత ఇంకోసారి ఆగింది. ఈసారి ఎస్తేరు తడుముకోలేదు. ఆ సందడిలో రవిక తడిసింది. గుమ్మెట కాస్త పైకి జరుపుకుని వాయిస్తూనే ఉంది.

కథ అయ్యాక తెర వెనక బిడ్డకు పాలిస్తూ అడిగింది, నిజంగా మరిచిపోయారా, నా కోసం ఆగారా అని.

సామ్రాజ్యమ్మ గజ్జెలు విప్పుకుంటోంది. "ఇన్నేళ్లు నా పక్కన ప్రశ్నలడిగావు కదా. ఎందుకడిగేదానివి?"

"కథ రక్తి కట్టాలని."

"ఎప్పుడడిగేదానివి?"

"మీరు మాట ఆపి నావైపు చూసినప్పు..." అంటూనే ఎస్తేరు ఆగింది. గురువు ముఖంలోకి చూసింది. తర్వాత నవ్వు మొదలైంది. అది ఎంతకీ ఆగలేదు. పాలు తాగుతున్న బిడ్డ విసుగ్గా రొమ్ము వదిలేసి ఏడుపు లంకించుకుంది.

"ముందు దాని సంగతి చూడు," అంది సామ్రాజ్యమ్మ. "వచ్చేవారం కథ నువ్వు చెప్పు. ప్రశ్నలు నేనడుగుతా."