పాత నొప్పికి సాక్షి

మోకాళ్లు అరిగేదాకా మోయించుకుని, అరిగాక నియమాలు వల్లించే పెద్దమనుషులు రాజుల కాలంలోనూ ఉన్నారు. పల్లకీ బోయీ సింగన్న కొలువు నుంచి దిగిపోయాడు. దిగిపోయినవాళ్లకు రాజవైద్యం ఉచితమే. కానీ ఆ వ్యవహారం చూసే అధికారి విరూపాక్షయ్య అడ్డం పడ్డాడు.

“వైద్యం కొత్త రోగాలకే. నీ మోకాలి నొప్పి పాతది, పో!”

సింగన్న కుంటుకుంటూ రాజుగారి సభకు వెళ్లి, విరూపాక్షయ్య ఎదుటే మొర పెట్టుకున్నాడు. “పాతదని ఈయనకెలా తెలుసో అడగండి, మహాప్రభూ.”

“తెలియకేం! ఇరవై ఏళ్లు నా పల్లకీ మోశాడు. కొండెక్కినప్పుడల్లా ‘అమ్మా, మోకాలు!’ అని మూలిగేవాడు. నా చెవులతో విన్నాను,” అన్నాడు అధికారి.

“విని, ఒక్కసారైనా దిగి నడిచారా అయ్యా?”

సభ గొల్లుమంది. “వైద్యం ఇవాళే మొదలుపెట్టండి. సింగన్న మోకాళ్లు నయమయ్యేదాకా విరూపాక్షయ్యకు పల్లకీ లేదు,” అన్నాడు రాజు.

ఆ రోజు నుంచి సింగన్నకు మందు వేళకు అందిందా లేదా అని పూటపూటా ఆరా తీసినవాడు విరూపాక్షయ్యే.