పగటిపూట ఆగిన సమ్మెట

అనగనగా కొండవాగు పక్కన ఒక ఊరు కన్నా. నలభై ఇళ్ళు, అందరికీ కలిపి ఒకటే సమ్మెట. అది మనిషి ఎత్తేది కాదు. వాగునీళ్ళు చక్రాన్ని తిప్పేవి, చక్రం పెద్ద దూలాన్ని ఎత్తేది, దూలం చివరి ఇనుపముద్ద ధన్‌మని పడేది.

ఆ ఊరివాళ్ళు రాత్రంతా కొలుముల్లో ఇనుపరాయి కరిగించి పగలు పడుకునేవాళ్ళు. సమ్మెట మోగుతుంటేనే పిల్లలకు నిద్ర. ఆగిందా, లేచి ఏడుపే.

ఆ సమ్మెటను నిలబెట్టింది మోనాచారి. దాని పక్కనే ముసలివాడయ్యాడు, చెవులు పోయాయి. "ఈ చెవులు మీ అమ్మ ఉన్నప్పుడే పోతే బాగుండు బిడ్డా, ఇన్ని తిట్లు తప్పేటియి" అని కూతురు నీలమ్మతో నవ్వేవాడు. ఆ తర్వాత సమ్మెట కాపలా నీలమ్మదే.

ఒక మధ్యాహ్నం ఊళ్ళో ఎండ, పైన కొండల్లో వాన. వాగు ఎర్రబడింది. చక్రం పిచ్చిపట్టినట్టు తిరిగింది.

అప్పుడు నీలమ్మ అరిచింది. సమ్మెట మోతలో ఎవరికీ వినపడలేదు. ఆ తర్వాత చక్రానికి నీళ్ళు వదిలే తూము తలుపు దించబోయింది. వరద దాన్ని విరిచి పట్టుకుపోయింది.

ఇంటికి పరుగెత్తితే అయ్య ఒక్కడు లేస్తాడు. సమ్మెట ఆగితే ఊరంతా లేస్తుంది. నీలమ్మ ఒక్కసారి ఇంటివైపు చూసింది. అప్పుడు గడ్డపార తీసి చక్రంలోకి దూర్చి, మీద పడి పట్టుకుంది.

సమ్మెట ఆగింది. ముందు పసిపిల్లలు ఏడ్చారు, ఆ తర్వాత తల్లులు లేచారు, అందరూ గుట్ట ఎక్కారు.

మరి మోనాచారి తాతో? తాతకు చప్పుడెక్కడిది నాన్నా, నేల అదురే తెలుస్తుంది. సమ్మెట ఆగినా వరదకు నేల అదురుతూనే ఉంది. పని నడుస్తోందనుకున్నాడేమో. నీలమ్మ వచ్చేసరికి ఇల్లున్న చోట నీళ్ళు.

మూడోనాడు వాగు తగ్గింది. "ఇంక ఆ చక్రం మనకొద్దు తల్లీ" అంది పక్కింటి రాజవ్వ.

"చక్రం లేకపోతే ఏం తింటం అత్తా? మళ్ళీ కట్టాల్సిందే. ముందు తూము తలుపు చేస్తా. పసిపిల్ల తాడు వదిలినా దిగేటట్టు."

అని, గొడ్డలి భుజాన వేసుకుని, తలుపుకు గట్టి చెట్టు చూడటానికి అడవివైపు అడుగు వేసింది.

కథేమో కంచి దారి పట్టె,
కంటికేమో కునుకు పట్టె.