ఒక గుహకి రెండున్నర గుహల వెల

ఇప్పచెట్లు దండిగా ఉన్న అడవి ఒకటి ఉండేదట, అనగనగా. ఎండాకాలం వస్తే చాలు, తెల్లవారేసరికి ఆ చెట్ల కింద నేలంతా ఇప్పపూలే. తియ్యగా, మెత్తగా ఉంటాయి. వాటిని ఏరుకొచ్చి బండల మీద ఎండబెట్టుకుంటే ఏడాది పొడుగునా తినొచ్చు. అందుకని ఆ అడవిలో జంతువులు ఏం కొన్నా, ఏం అమ్మినా ఎండు ఇప్పపూలతోనే.

ఆ అడవిలో ఒక ఏదుపందుల జంట ఉండేది. ఏదుపంది తెలుసుగా పిల్లలూ? ఒళ్లంతా పొడుగాటి ముళ్లుంటాయే, అది. భర్త పేరు సూదయ్య. భార్య పేరు దబ్బనమ్మ. వాళ్లకి గుచ్చు, గిచ్చు అని ఇద్దరు పిల్లలు.

దబ్బనమ్మకి ఏది చూసినా దాని సంగతేమిటో తెలుసుకోవాలని ఉండేది. చీమలు బారుగా పోతుంటే, ఎక్కడికి పోతున్నాయో చూడ్డానికి వెంటపడి వెళ్లేది. వడ్రంగిపిట్ట చెట్టుని పొడుస్తుంటే కింద నిలబడి, "నీకు తలనొప్పి రాదా?" అని అడిగేది.

"నీకెందుకే ఇవన్నీ?" అనేవాడు సూదయ్య.

"తెలుసుకుంటే నా ముల్లేమైనా ఊడిపోతుందా?" అనేది దబ్బనమ్మ.

వాళ్లుండేది వాగు పక్కన ఒక బొరియలో. వానాకాలం వస్తే బొరియలోకి నీళ్లొచ్చేవి. ఒకసారి పెద్ద వాన కురిసింది. నీళ్లు ఒక్కసారిగా లోపలికొచ్చాయి. చిన్నది గిచ్చు మునిగిపోబోయింది. దబ్బనమ్మ దాని చెవి పట్టుకుని ఎలాగో బయటికి లాగింది. ఆ వానలో నలుగురూ వణుక్కుంటూ ఒక బండ చాటున నిలబడ్డారు.

"ఇంక ఈ బొరియ వద్దు. కొండ మీద గుహ కొనుక్కుందాం," అన్నాడు సూదయ్య.

కొండ మీద గుహలన్నీ గుబురయ్యవి. గుబురయ్య ఒక ముసలి ఎలుగుబంటి. మంచివాడే. అబద్ధం ఆడడు. కాకపోతే, అడిగినదానికి జవాబు చెబుతాడు, అడగనిది చెప్పడు.

గుబురయ్య వాళ్లకి మూడు గుహలు చూపించాడు. మొదటిది నేలకి దగ్గరగా ఉంది. లోపల చెమ్మ. గోడలకి పాచి. అది వద్దనుకున్నారు. రెండోది కొండ నడుమ ఉంది. పొడిగా ఉంది, కానీ చిన్నది. నలుగురూ ఒకరి ముళ్లు ఒకరికి గుచ్చుకోకుండా పడుకుంటే సరిపోతుంది, అంతే. మూడోది కొండ మీదుంది. ఎంత పెద్దదో! ముందర అరుగులాంటి బండ. అక్కడ నిలబడితే అడవంతా కనిపిస్తుంది.

సూదయ్య ఆ అరుగు మీద నిలబడ్డాడు. ముళ్లు నిక్కబొడుచుకున్నాయి. "ఇదీ ఇల్లంటే!" అన్నాడు.

"నడిమి గుహ యాభై బుట్టలు. పై గుహ నూరు బుట్టలు," అన్నాడు గుబురయ్య.

సూదయ్య ముళ్లు వాలిపోయాయి. వాళ్లు కూడబెట్టుకున్నది ఇరవై బుట్టలే.

"దానికేముందయ్యా? ఆ ఇరవై ఇప్పుడివ్వండి. ఇవాళే గుహలో చేరండి. మిగతా ఎనభై మెల్లగా ఇద్దురు. నేను ఆగుతాను. ఆగినందుకు, బాకీలో పది బుట్టలకి ఒక బుట్ట చొప్పున ఏటా నా వాటా," అన్నాడు గుబురయ్య.

మన ఊళ్లో ఆ వాటాని వడ్డీ అంటాం. సూదయ్యకి "పదికి ఒకటి" అన్న మాట వినిపించింది. పదికి ఒకటేగా, అదెంత, అనుకున్నాడు.

దబ్బనమ్మ ఊరుకుంటుందా? మూడు ప్రశ్నలు అడిగింది.

"వాన లోపలికి కొడుతుందా మామా?"

"చుక్క కూడా పడదు."

"పాములొస్తాయా?"

"ఇంత ఎత్తుకి రావు."

"మేం ఏటా ఎంత ఇవ్వాలి?"

"తొమ్మిది బుట్టలిస్తే చాలు."

దబ్బనమ్మ లోపల్లోపల లెక్క వేసుకుంది. ఏటా పద్నాలుగు బుట్టల దాకా ఏరగలం. తొమ్మిది పోతే ఐదు మిగులుతాయి. కొంచెం బిగపట్టుకుంటే ఇల్లు గడుస్తుంది. "సరే మామా," అంది. ఇరవై బుట్టలూ ఇచ్చేసి, ఆ సాయంత్రమే పై గుహలో చేరారు.

చేరిన కొత్తలో ఎంత సంబరమో! కుందేళ్లొచ్చి చూసి వెళ్లాయి. ముంగిసలొచ్చి చూసి వెళ్లాయి. "మీకేమమ్మా, కొండ మీద ఇల్లు!" అన్నాయి.

ఎండాకాలం వచ్చింది. సూదయ్య తొమ్మిది బుట్టలు మోసుకెళ్లి గుబురయ్య గుమ్మంలో పెట్టి వచ్చాడు. మరుసటేడూ అంతే. ఆ పై ఏడూ అంతే. వానలు వెనకబట్టేసరికి ఇంట్లో పూలు అడుగంటేవి. పిల్లలు చేదు వేళ్లు నమిలి, ముఖం చిట్లించుకుని పడుకునేవాళ్లు. "ఇంకెన్నాళ్లులే, మన గుహ కోసమేగా!" అని సూదయ్య సర్దిచెప్పేవాడు.

నాలుగో ఏడు ఇప్ప సరిగ్గా పూయలేదు. ఎంత తిరిగినా ఎనిమిది బుట్టలే దొరికాయి. సూదయ్య ఆరు బుట్టలు తీసుకెళ్లి, తల వంచుకుని నిలబడ్డాడు.

"పర్వాలేదయ్యా. తగ్గింది బాకీలో కలుపుకుంటాలే," అన్నాడు గుబురయ్య.

ఎంత మంచివాడు, అనుకున్నారు మొగుడూ పెళ్లాలు.

ఐదో ఏడు సూదయ్య కాలికి రాయి తగిలి వాచింది. ఆ ఏట బుట్టలు మోసుకెళ్లే పని దబ్బనమ్మ మీద పడింది. ఆమె ఎప్పుడూ గుబురయ్య గుహ లోపలికి వెళ్లలేదు. బుట్టలు గుమ్మంలో పెట్టేసి రావచ్చు. కానీ లోపల ఏముందో చూడకుండా దబ్బనమ్మ ఎలా వస్తుంది?

లోపల రెండు గుంటలున్నాయి. ఒకటి పెద్దది, ఒకటి చిన్నది. గుబురయ్య ఒక్కొక్క బుట్టే ఎత్తి పెద్ద గుంటలో పోస్తున్నాడు. ఒకటి, రెండు, మూడు... దాదాపు ఎనిమిది బుట్టలు అందులోకే వెళ్లాయి. చివరి బుట్ట మాత్రం చిన్న గుంటలో పోశాడు.

"ఎందుకు మామా, రెండు చోట్ల పోస్తున్నావు?" అని అడిగింది దబ్బనమ్మ.

"పెద్ద గుంట నేను ఆగినందుకు నాకొచ్చే వాటా అమ్మా. అది నేను తినేస్తాను. చిన్న గుంట మీ గుహ వెల."

దబ్బనమ్మ కళ్లు పెద్దవయ్యాయి. "అంటే, ఇవాళ నేను తెచ్చిన తొమ్మిదిలో గుహ కోసం వెళ్లింది ఒక్క బుట్టేనా?"

"ఆ, ఇంచుమించు అంతే. మీ బాకీ ఎనభై. పదికి ఒకటంటే, మొదటి ఏడు నా వాటా ఎనిమిది అయింది. మిగిలిన ఒక్కటే బాకీలో తగ్గింది. కరువేడు మీరు ఆరే ఇచ్చారు. నా వాటాకే చాలలేదు. అప్పుడు బాకీ పెరిగింది కూడా."

"ఇప్పుడెంత ఉంది?"

"డెబ్బై ఏడు."

ఐదేళ్లలో నలభై రెండు బుట్టలు మోశారు. బాకీలో తగ్గింది మూడు. దబ్బనమ్మ ఆ చిన్న గుంటలోకి తొంగిచూసింది.

"నన్ను తప్పుగా అనుకోకు తల్లీ," అన్నాడు గుబురయ్య. "మీరు మొదటి రోజు నుంచీ గుహలో పడుకుంటున్నారు. నా వెల మాత్రం నాకు ఆ రోజు రాలేదు. ఆగినవాడికి వాటా ఉండాలిగా?"

అది నిజమే అనిపించింది దబ్బనమ్మకి. అందుకే కోపం తెచ్చుకోడానికి కూడా వీలు లేకపోయింది.

ఇంటికొచ్చే దారిలో కూతలయ్య అనే నక్క గుహ ఉంది. అతను కూడా ఎండబెట్టిన పూలు బుట్టల్లో నింపుతున్నాడు.

"ఎవరి కోసం తమ్ముడూ?" అని అడిగింది దబ్బనమ్మ.

"గుబురయ్యకక్కా. ఈ గుహ మా నాయన కొన్నాడు."

"మీ నాయన పోయి చాలా ఏళ్లయిందిగా?"

"అయింది. నేను కడుతున్నాను."

"ఇంకా ఎంత ఉంది?"

కూతలయ్య చెయ్యి ఆగింది. "ఏమో అక్కా. ఏటికేడు ఇవ్వడమే. ఎప్పుడూ అడగలేదు," అన్నాడు.

ఆ మాటతో దబ్బనమ్మకి నిద్ర పట్టలేదు. మర్నాడు కుంటుతున్న సూదయ్యని వెంటబెట్టుకుని, ఒక మూట చింతపిక్కలు పట్టుకుని గుబురయ్య దగ్గరికి వెళ్లింది.

"మామా, మేమిలాగే కడుతూ పోతే మొత్తం ఎంత కడతాం?" అని అడిగింది.

గుబురయ్య చెవి గోక్కున్నాడు. "చివరిదాకా నేనూ ఎప్పుడూ లెక్కపెట్టలేదమ్మా. రా, చూద్దాం," అన్నాడు.

ముగ్గురూ బండ మీద కూర్చున్నారు. బాకీకి డెబ్బై ఏడు పిక్కలు పెట్టారు. ఒక్కొక్క ఏడూ వాటా కలిపారు, తొమ్మిది తీశారు. మళ్లీ కలిపారు, మళ్లీ తీశారు. మొదట్లో కుప్ప కదల్లేదు. పదేళ్ల లెక్క అయినా సగం కూడా తరగలేదు. ఆ తర్వాత మెల్లగా, ఆఖర్న గబగబా కరిగింది. కుప్ప ఖాళీ అయ్యేసరికి ఇంకో ఇరవై ఏళ్లు దాటాయి. ఇచ్చినవీ, ఇవ్వబోయేవీ అన్నీ కలిపితే రెండు వందల నలభై బుట్టలు పైనే.

"నూరు బుట్టల గుహకి రెండున్నర గుహల వెల ఇస్తున్నామా!" అంది దబ్బనమ్మ.

"ఇంకో ఇరవై ఏళ్లు నేను బతుకుతానా?" అన్నాడు సూదయ్య. ఏదుపందులు అన్నేళ్లు బతకడం అరుదు. అప్పుడతనికి కూతలయ్య గుర్తొచ్చాడు. ఆ తర్వాత గుచ్చు, గిచ్చు గుర్తొచ్చారు.

దబ్బనమ్మ మాత్రం పిక్కలనే చూస్తోంది. "ఏటా ఇంకో మూడు బుట్టలు ఎక్కువిస్తే?" అంది. మళ్లీ మొదటి నుంచీ లెక్కపెట్టారు. ఈసారి కుప్ప పదకొండేళ్లకే అయిపోయింది!

"మూడు బుట్టలకి తొమ్మిదేళ్లు తగ్గాయే!" అని గుబురయ్య కూడా నోరు తెరిచాడు.

కానీ ఆ మూడు ఎక్కడి నుంచి వస్తాయి? ఇంట్లో మిగిలేదే ఐదు. పిల్లలు ఇప్పటికే చేదు వేళ్లు నములుతున్నారు. పెద్ద గుహలో ఆకలితో పదకొండేళ్లు ఉంచితే, వాళ్లు పెరుగుతారా?

దబ్బనమ్మ కొండ నడుముకేసి చూసింది. ఆ తర్వాత అడిగింది. "మామా, నడిమి గుహ ఇంకా ఖాళీగానే ఉందా?"

"ఉంది."

"పై గుహ నీకు తిరిగిచ్చేస్తాం. మేమిచ్చినవి ఆ చిన్న గుహకి జమ కట్టుకుంటావా?"

"నేను తినేసిన వాటా తిరిగి రాదు," అన్నాడు గుబురయ్య. "గుహ వెలలోకి వచ్చినవి మాత్రం జమ కడతాను. మొదట ఇచ్చిన ఇరవై, తగ్గిన మూడు. యాభైలో అవి పోతే ఇరవై ఏడు."

పిక్కలు మళ్లీ పరిచారు. ఇరవై ఏడు పెట్టి, వాటా కలిపి, తొమ్మిది తీశారు. ఈసారి మొదటి ఏడే కుప్ప బాగా తగ్గింది. నాలుగో ఏటికి బండ ఖాళీ. ఆఖరి ఏట ఏడు బుట్టలిస్తే సరిపోయింది.

సూదయ్య ముఖం చిన్నబోయింది. "కుందేళ్లు నవ్వుతాయే. పైనుంచి కిందికి దిగామంటాయి," అన్నాడు.

"నవ్వితే నవ్వనీ. ఏరేది మనం, మోసేది మనం, పస్తులుండేది మన పిల్లలు," అంది దబ్బనమ్మ. అరుగంటే ఆమెకీ ఇష్టమే. పొద్దున్నే అక్కడ నిలబడి అడవి చూడ్డం ఎంతో ఇష్టం. పోయిన బుట్టలు పోయినట్టే. అదీ ఆమెకి తెలుసు.

సూదయ్య వాచిన కాలితోనే లేచి, "పద, సామాను దింపుకుందాం," అన్నాడు.

చిన్న గుహలో ఇరుగ్గానే ఉండేది. ఒకరు ఒత్తిగిలితే ఇంకొకరికి ముల్లు గుచ్చుకునేది. కుందేళ్లు నవ్వాయి కూడా. వారం రోజులు నవ్వి, మానేశాయి. పై గుహ చూడ్డానికి ఒక అడవిపంది వచ్చినప్పుడు, గుబురయ్య తనే చింతపిక్కలు తెచ్చి బండ మీద పోశాడు. "ముందు లెక్క చూసుకో నాయనా, తర్వాత గుహ చూద్దువు," అన్నాడు. అడవిపంది లెక్క చూసుకుని, ఇంకో మూడేళ్లు పూలు కూడబెట్టుకుని వస్తానని చెప్పి వెళ్లింది.

నాలుగు ఎండాకాలాలు గడిచాయి. బాకీ తీరిపోయింది.

ఐదో ఎండాకాలం వచ్చింది. ఇప్ప విరగపూసింది. పూలు ఎండాయి. సూదయ్య అలవాటు ప్రకారం తొమ్మిది బుట్టలు నింపి, ఒకటి వీపున ఎత్తుకుని గుమ్మం దాటాడు.

"ఎక్కడికయ్యా?" అంది దబ్బనమ్మ.

సూదయ్య ఆగాడు. కొండ పైకి చూశాడు. కిందికి చూశాడు. ఎక్కడికీ వెళ్లాల్సిన పని లేదని అప్పుడు తట్టింది. మెల్లగా బుట్ట దించి, పిల్లల ముందు బోర్లించాడు.

నీతి: అప్పు మీద ఇల్లు కొనేటప్పుడు, ఏటా ఎంత కట్టాలో తెలుసుకుంటే చాలదు, తీరేలోగా మొత్తం ఎంత కడతామో లెక్క చూసుకుని, ఆ తర్వాతే సరేననాలి.